గేటు బయట, గేటు లోపల: బెర్లిన్ నుంచి నోవా హుతా దాకా

కార్మికుల పేరుతో నడిచిన కమ్యూనిస్టు ప్రభుత్వాల మీద కార్మికులే తిరగబడిన ఊళ్లను రైలు మీద ఒక వారంలో చూసిరావచ్చు. జర్మనీ, పోలండ్ రెండూ షెంగెన్ దేశాలే కాబట్టి ఒక వీసా చాలు. విశాలాంధ్ర పుస్తకాల షాపుల్లో మాస్కో ప్రచురణలు కొనుక్కుని చదివిన తరం మన దగ్గర ఉంది. ఆ పుస్తకాల్లోంచి చూసిన తూర్పు ఐరోపాలో ఈ సమ్మెలకు చోటు లేదు. అందుకే ఈ దారి తెలుగువాళ్లు ప్రత్యేకంగా చూడదగింది.

ప్రతి ఊళ్లోనూ రెండు చోట్లు గుర్తుపెట్టుకోండి: జనం బయల్దేరిన గేటు, చేరుకున్న ఆఫీసు. ఆ రెంటి మధ్య దూరాన్ని నడిచే చూడాలి. 1953లో ఆ దూరం నడిచిన కార్మికులు, 1980 వచ్చేసరికి గేటు దాటకూడదని ఎందుకు నిర్ణయించుకున్నారో అర్థం కావాలంటే అదొక్కటే మార్గం.

మొదటి రోజు: బెర్లిన్

యూ5 మెట్రోలో స్ట్రాస్‌బెర్గర్ ప్లాట్జ్ దగ్గర దిగండి. పైకి రాగానే కనబడే వెడల్పాటి రోడ్డు ఇప్పుడు కార్ల్ మార్క్స్ అలే. ఇది తూర్పు జర్మనీలో ఉన్న 1953లో స్టాలిన్ అలే. పలకలు అతికించిన ఈ పెద్ద పెద్ద భవనాలను కార్మికుల కోసమే కడుతున్నామని ప్రభుత్వం గొప్పగా చెప్పుకుంటున్న రోజుల్లో, వాటిని కడుతున్న మేస్త్రీలే తాపీలు కింద పెట్టేశారు.

గొడవంతా పని కోటా దగ్గర మొదలైంది. రోజుకు ఇంత పని అని ఒక లెక్క, దాన్ని దాటితే బోనస్. కూలీలో మంచి వాటా ఆ బోనస్సే. 1953 మే 28న ప్రభుత్వం కోటాను కనీసం 10 శాతం పెంచి, జూన్ 30 లోపు అమలు చేయాలంది. జూన్ 30 పార్టీ అధినేత వాల్టర్ ఉల్బ్రిక్ట్ అరవయ్యో పుట్టినరోజు. పది శాతమే కదా అనిపిస్తుంది. కానీ బోనస్ గీత అందకుండా పోతే ఇంటికి తెచ్చే డబ్బు పది శాతంతో ఆగకుండా ఇంకా తగ్గుతుంది. పైగా జూన్ 11న రైతులకు, చిన్న వ్యాపారులకు, చర్చిలకు సడలింపులు ప్రకటించిన పార్టీ, కోటా జోలికి మాత్రం పోలేదు. జూన్ 16న యూనియన్ పత్రికే కోటా పెంపు సరైనదని రాసింది. తమ పక్షాన ఉండాల్సిన యూనియన్ యజమాని పక్షాన మాట్లాడిందని తెలిశాక ఇక పని సాగలేదు.

స్ట్రాస్‌బెర్గర్ ప్లాట్జ్ నుంచి అలెగ్జాండర్ ప్లాట్జ్ మీదుగా లైప్‌జిగర్ వీధి దాకా నడవండి. మెల్లగా నడిస్తే గంటకు పైగా పడుతుంది. ఆనాడు మంత్రిత్వ శాఖలన్నీ ఉన్న ఆ బూడిదరంగు భవనంలో ఇప్పుడు జర్మనీ ఆర్థిక శాఖ ఉంది. జూన్ 16న మంత్రి ఫ్రిట్జ్ జెల్బ్‌మన్ ఇక్కడే బల్ల ఎక్కి మాట్లాడబోతే జనం వినలేదు. మధ్యాహ్నానికి పెంపును వెనక్కి తీసుకున్నారు, కానీ అప్పటికే కోరికలు కోటాను దాటి ప్రభుత్వం దిగిపోవాలి, స్వేచ్ఛగా ఎన్నికలు జరగాలి అనేదాకా వెళ్లాయి. మర్నాడు 700కు పైగా ఊళ్లలో సమ్మెలు, ఊరేగింపులు జరిగాయి. మధ్యాహ్నం ఒంటిగంటకు బెర్లిన్‌లో అత్యవసర పరిస్థితి ప్రకటించారు. రోడ్ల మీదికి సోవియట్ ట్యాంకులు వచ్చాయి. తూర్పు జర్మనీ మొత్తం మీద కనీసం 55 మంది చనిపోయారు.

భవనం వసారాలో నవ్వుతూ నడుస్తున్న కార్మికుల పింగాణీ పలకల చిత్రం ఒకటుంది. తిరుగుబాటుకు కొద్ది నెలల ముందే అది పూర్తయింది. దాని ఎదురుగా, నేల మట్టంలో, అద్దం కింద, 1953 ఊరేగింపు ఫోటో పరిచి ఉంటుంది. తల పైకెత్తి నడిచేవాళ్లకు అది కనబడదు. ముందు ఆ చిత్రాన్ని, తర్వాత ఈ ఫోటోను చూడండి. ప్రభుత్వం గీయించుకున్న కార్మికుడు పైనా, అసలు కార్మికుడు కిందా ఉన్నాడు.

రెండో రోజు: పోజ్నాన్

బెర్లిన్ ప్రధాన స్టేషన్ నుంచి వార్సా వెళ్లే ఎక్స్‌ప్రెస్‌లో సుమారు మూడు గంటలు. రిజర్వేషన్ ముందే చేయించుకోండి. ఆదివారం దిగేలా పెట్టుకోకండి: పోలండ్‌లో చాలా ఆదివారాలు పెద్ద దుకాణాలు మూసే ఉంటాయి, జాబ్కా అనే చిన్న గొలుసు దుకాణాలే దిక్కు. మ్యూజియాలు చాలావరకు సోమవారం మూత.

ట్రామ్ ఎక్కి ముందు విల్దా పేట వైపు వెళ్లండి. అక్కడి పెద్ద వీధి పేరే '1956 జూన్ 28'. చెగెల్‌స్కి ఫ్యాక్టరీ ఆ వీధిలోనే ఉంది. రైలు పెట్టెలు, ఇంజన్లు చేసే ఆ ఫ్యాక్టరీకి అప్పట్లో స్టాలిన్ పేరు పెట్టారు. ఇక్కడా కోటాల గొడవే, దానికి తోడు జీతాల్లోంచి పన్ను ఎక్కువగా కోసుకున్నారన్న ఫిర్యాదు. ఆ డబ్బు వెనక్కి ఇమ్మని నెలల తరబడి అడిగారు. చివరికి ఒక ప్రతినిధి బృందం వార్సా వెళ్లి యంత్ర పరిశ్రమల మంత్రి రోమన్ ఫిదెల్‌స్కిని కలిసి కొన్ని హామీలు తెచ్చింది. జూన్ 27న మంత్రి స్వయంగా ఫ్యాక్టరీకొచ్చి వాటిలో కొన్నింటిని వెనక్కి తీసుకున్నాడు. మర్నాడు ఉదయం ఆరు గంటల ప్రాంతంలో ఫ్యాక్టరీలోని డబ్ల్యూ3 అనే పని విభాగంలో సైరన్ మోగింది. పని మొదలుపెట్టమని మోగే సైరనే ఆ రోజు బయటికి రమ్మని మోగింది.

గేటు నుంచి కోట ముందున్న మిత్స్‌కెవిచ్ చౌక్ వరకు సుమారు మూడు కిలోమీటర్లు. దారిలో ఇతర ఫ్యాక్టరీలవాళ్లు, ట్రామ్ డ్రైవర్లు, ఆఫీసు ఉద్యోగులు కలిశారు. చౌక్ చేరేసరికి లక్ష మంది దాకా అయ్యారు. రొట్టె కావాలి, స్వేచ్ఛ కావాలి అన్నవి నినాదాలు. నగరంలో అంతర్జాతీయ వాణిజ్య ప్రదర్శన నడుస్తుండడం వల్ల విదేశీయులు చాలామంది ఇదంతా కళ్లారా చూశారు. దాచిపెట్టే వీలు లేకపోయింది.

ఊరేగింపు చెడింది చౌక్‌లోనే. మాట్లాడ్డానికి అధికారం ఉన్నవాళ్లెవరూ బయటికి రాలేదు. ప్రతినిధులను అరెస్టు చేశారన్న పుకారు పుట్టింది. ఒక గుంపు మ్వీన్‌స్కా వీధి జైలు మీద పడి 250 మందికి పైగా ఖైదీలను విడిపించింది, అక్కడి తుపాకులు తీసుకుంది. ఇంకో గుంపు బీమా ఆఫీసు పైకెక్కి, విదేశీ రేడియోలను అడ్డుకునే యంత్రాలను కిందికి విసిరేసింది. మూడోది కొహనోవ్‌స్కి వీధిలోని రహస్య పోలీసు కార్యాలయం వైపు వెళ్లింది. కాల్పులు మొదలైంది అక్కడే. అంతమందికి కలిపి ఒక నాయకత్వం లేదు, మర్నాడు ఏం చేయాలన్న ఆలోచన లేదు. సాయంత్రానికి పది వేలకు పైగా సైనికులు, వందలాది ట్యాంకులు దిగాయి. దాదాపు 60 మంది చనిపోయారు. వాళ్లలో పదమూడేళ్ల రోమెక్ స్త్సావ్‌కోవ్‌స్కి ఉన్నాడు. ప్రజాధికారం మీద చెయ్యెత్తితే ఆ చేతిని నరికేస్తామని ప్రధాని యూజెఫ్ త్సిరాన్‌కెవిచ్ రేడియోలో చెప్పాడు.

ఈ చోట్లన్నీ మిత్స్‌కెవిచ్ చౌక్ చుట్టూ నడక దూరంలోనే ఉన్నాయి. వరసగా చౌక్, జైలు, బీమా ఆఫీసు, కొహనోవ్‌స్కి వీధి చూసి, కోటలోని జూన్ 1956 మ్యూజియం ఆఖరున పెట్టుకోండి. చౌక్‌లో తాడుతో కట్టినట్టుండే రెండు సిలువలు 1981 జూన్ 28న ఆవిష్కరించినవి. వాటి మీద 1956 ఒక్కటే లేదు: 1968, 1970, 1976, 1980 కూడా ఉన్నాయి.

భోజనానికి బార్ మ్లెచ్నీ అనే చవక హోటళ్లు వెతకండి, కమ్యూనిస్టు కాలం నుంచీ నడుస్తున్నాయి. శాకాహారులకు బంగాళదుంప, జున్ను కూరిన పిరోగి దొరుకుతుంది. అయితే పైన వేయించిన పంది కొవ్వు ముక్కలు చల్లి ఇస్తారు. 'బెజ్ స్క్వారెక్' అని ముందే చెప్పండి.

మూడో రోజు: గ్దీనియా

పోజ్నాన్ నుంచి గ్దాన్‌స్క్‌కు రైల్లో మూడు, మూడున్నర గంటలు. బస గ్దాన్‌స్క్‌లో పెట్టుకుని, సామాను దింపి ఎస్కేఎం లోకల్ రైలెక్కండి. ప్లాట్‌ఫారం మీద కొన్న టికెట్ మీద తేదీ ముద్ర లేకపోతే ఎక్కేముందు అక్కడి యంత్రంలో ముద్ర వేయించాలి. టికెట్ ఉన్నా ముద్ర లేకపోతే జరిమానాయే. గ్దీనియా ప్రధాన స్టేషన్ దాటాక వచ్చే 'గ్దీనియా స్టోచ్న్యా' ఆగే చోట దిగండి. స్టోచ్న్యా అంటే ఓడలు కట్టే కర్మాగారం, మన మాటలో షిప్‌యార్డు.

1970 డిసెంబర్ 12న, క్రిస్మస్ రెండు వారాల్లో ఉందనగా, మాంసం సహా ఆహార ధరలు పెంచారు. ధర పెరిగితే మనం వ్యాపారిని తిడతాం, ప్రభుత్వాన్ని తిడతాం, యజమానిని జీతం పెంచమంటాం. ఇక్కడ ఆ ముగ్గురూ ఒక్కరే. కాబట్టి మాంసం ధర మీద కోపం నేరుగా పార్టీ ఆఫీసు మీదికి పోయింది. 14న గ్దాన్‌స్క్ లెనిన్ షిప్‌యార్డు కార్మికులు పార్టీ జిల్లా కార్యాలయానికి ఊరేగింపుగా వెళ్లారు. 15న దాన్ని తగలబెట్టారు. 16న రెండో నంబరు గేటు దగ్గర సైన్యం కాల్చింది.

17న గ్దీనియాలో జరిగింది ఇంకా ఘోరం. ముందురోజు సాయంత్రం ఉపప్రధాని స్తానిస్వావ్ కొచోవెక్ పనికి రమ్మని కార్మికులను టీవీలో పిలిచాడు. అదే సమయంలో షిప్‌యార్డును మూసేసి, చుట్టూ సైన్యాన్ని దించారు. తెల్లవారకముందే, పిలుపు విని వచ్చినవాళ్లతో నిండిన లోకల్ రైళ్లు వరసగా ఇక్కడ ఆగాయి. ప్లాట్‌ఫారం మీద నిలబడి చూస్తే విషయం తెలుస్తుంది: దారి ఇరుకు, ముందు ట్యాంకులు, వెనక నుంచి కొత్త రైలు దించిన జనం తోపు. వెనక్కి వెళ్లాలన్నా చోటు లేదు. పనికి వస్తున్నవాళ్ల మీద కాల్పులు జరిపారు. గ్దీనియాలో 18 మంది, తీర ప్రాంతం మొత్తం మీద 45 మంది చనిపోయారు. మృతులను రాత్రిపూట, గుట్టుగా పాతిపెట్టారు.

స్టేషన్ బయట 1970 అనే అంకెల రూపంలో స్మారకం ఉంది. అందులో 7 తూటా తగిలి ఒరిగిపోతున్న మనిషిలా ఉంటుంది. డిసెంబర్ 17న తెల్లవారుజామున ఇక్కడ ఏటా సంస్మరణ జరుగుతుంది. ఆ తేదీకి వెళ్లేట్టయితే మంచి కోటు తీసుకెళ్లండి, సముద్రపు గాలి గట్టిగా కొడుతుంది.

డిసెంబర్ 20న పోలండ్ పార్టీ అధినేత వ్వాదిస్వావ్ గోముల్కా దిగిపోయి ఎడ్వర్డ్ గియెరెక్ వచ్చాడు. ధరలు మాత్రం తగ్గలేదు. వాటిని తగ్గించింది 1971 ఫిబ్రవరిలో వూచ్ నగరపు బట్టల మిల్లుల సమ్మె. అందులో ఎక్కువమంది ఆడవాళ్లు. వాళ్లు వీధిలోకి పోకుండా మిల్లుల్లోనే మగ్గాలు ఆపి కూర్చున్నారు. ప్రధాని స్వయంగా వచ్చి బతిమాలినా లేవలేదు. ఫిబ్రవరి 15న పెంపు రద్దు ప్రకటన వచ్చింది. ప్రాణనష్టం లేదు. ఈ సమ్మెకు దక్కాల్సినంత పేరు దక్కలేదన్నది నా అభిప్రాయం. వారంలో ఒక రోజు మిగిలితే వూచ్‌కు ఇవ్వండి. సమ్మె మొదలైన మార్‌హ్లెవ్‌స్కి మిల్లు ఇప్పుడు మానుఫక్తూరా అనే షాపింగ్ కేంద్రం.

నాలుగో రోజు: గ్దాన్‌స్క్

ఈ రోజు మొత్తం ఒక్కచోటే. గ్దాన్‌స్క్ ప్రధాన స్టేషన్ నుంచి పావుగంట నడిస్తే సాలిడారిటీ చౌక్. 1980 సమ్మెలోంచి పుట్టిన స్వేచ్ఛాయుత యూనియన్ పేరే సాలిడారిటీ. 42 మీటర్ల ఎత్తున, లంగరులు వేలాడుతున్న మూడు సిలువలు 1970లో చనిపోయినవాళ్ల స్మారకం. దీన్ని 1980 డిసెంబర్ 16న ఆవిష్కరించారు. తాను కాల్చి చంపినవాళ్లకు స్మారకం కట్టేందుకు ఒప్పుకునే పరిస్థితి ప్రభుత్వానికి ఎలా వచ్చిందన్నదే ఇవాళ చూడాల్సింది. సిలువల పక్కనే రెండో నంబరు గేటు.

1980 ఆగస్టు 7న క్రేన్ డ్రైవర్ ఆన్నా వాలెంతినోవిచ్‌ను, రిటైర్‌మెంట్‌కు అయిదు నెలలుందనగా, ఉద్యోగం నుంచి తీసేశారు. ఆగస్టు 14 ఉదయం షిఫ్టులో ముగ్గురు కుర్ర కార్మికులు కరపత్రాలతో పని విభాగాల్లో తిరుగుతూ పని ఆపించారు. వెనక ఉండి ఏర్పాట్లు చేసింది ప్రభుత్వ వ్యతిరేక కార్యకర్త బొగ్దాన్ బోరుసెవిచ్. పదేళ్ల కిందట జనం ఈ గేటు దాటి వెళ్లారు. ఈసారి దాటలేదు. అంతకుముందే ఉద్యోగం పోయిన ఎలక్ట్రీషియన్ లేహ్ వావెన్సా బయటి నుంచి లోపలికొచ్చి నాయకత్వం తీసుకున్నాడు.

మన దగ్గర సమ్మె అంటే విశాఖ షిప్‌యార్డు అయినా, సింగరేణి అయినా, గేటు బయట టెంటు, గేటు మీటింగ్. ఇక్కడ తిరగేసుకోండి: కార్మికులు లోపల, కుటుంబాలు బయట. లోపల ఉంటే రెచ్చగొట్టి దుకాణాలు దోచినట్టు చూపించే వీలుండదు. కాల్చాలంటే ప్రభుత్వమే గేటు పగలగొట్టుకుని రావాలి. లక్షల విలువైన యంత్రాలూ, సగం కట్టిన ఓడలూ కార్మికుల చేతిలో ఉంటాయి. ఇందుకు క్రమశిక్షణ కావాలి. సారా పూర్తిగా నిషేధించారు. గేట్ల దగ్గర కార్మికుల కాపలా పెట్టారు. రొట్టె, సిగరెట్లు, పూలు కమ్మీల సందుల్లోంచి లోపలికొచ్చేవి.

సమ్మె దాదాపు విఫలమైన గంట కూడా ఇక్కడిదే. ఆగస్టు 16 శనివారం మేనేజ్‌మెంట్ నెలకు 1500 జ్లోటీల పెంపుకు ఒప్పుకుంది, సమ్మె ముగిసిందని ప్రకటించారు, జనం ఇళ్లకు బయల్దేరారు. కానీ తోడు సమ్మెకు దిగిన చిన్న సంస్థలకు ఏమీ దక్కలేదు. మమ్మల్ని వదిలేస్తే మా పని అయిపోయినట్టే అని ట్రామ్ డ్రైవర్ హెన్రికా క్షివొనోస్ మొత్తుకుంది. వాలెంతినోవిచ్, నర్సు ఆలీనా పెన్‌కోవ్‌స్కా గేట్ల దగ్గరికి పరిగెత్తి వెళ్లిపోతున్నవాళ్లను ఆపారు. ఆ రాత్రి మిగిలినవాళ్లు కొద్దిమందే. కానీ తెల్లారేసరికి అది ఒక్క షిప్‌యార్డు సమ్మెగా కాకుండా, సంస్థలన్నిటి ఉమ్మడి సమ్మె కమిటీ అయింది. నెలాఖరుకు అందులో 700 దాకా సంస్థలు చేరాయి. ఆ ముగ్గురు ఆడవాళ్లు లేకపోతే ఈ చౌక్‌కు ఆ పేరు ఉండేది కాదు.

కోరికలు 21. వాటిని రెండు ప్లైవుడ్ చెక్కల మీద రాసి ఆగస్టు 18న గేటుకు వేలాడదీశారు. పక్కనున్న యూరోపియన్ సాలిడారిటీ సెంటర్‌లో అసలు చెక్కలే ఉన్నాయి. 2003 నుంచి యునెస్కో ప్రపంచ స్మృతి జాబితాలో ఉన్నాయి. తీరిగ్గా చదవండి. మొదటిది పార్టీతో సంబంధం లేని స్వేచ్ఛాయుత యూనియన్, రెండోది సమ్మె హక్కు. నాలుగోది 1970, 1976 సమ్మెల్లో తీసేసినవాళ్లను తిరిగి తీసుకోవడం. పదమూడోది మాంసానికి రేషన్ కార్డు. రేషన్ కావాలని కార్మికులే అడిగారంటే దుకాణం ఎంత ఖాళీగా ఉండేదో ఊహించవచ్చు. ఇరవై ఒకటోది శనివారాలు సెలవు.

తుప్పు రంగు ఉక్కుతో ఓడ దేహంలా కట్టిన ఆ సెంటర్ 2014లో తెరిచారు. ప్రదర్శనకు కనీసం మూడు గంటలు పడుతుంది. మొదటి గదిలో పైకప్పు నిండా షిప్‌యార్డు హెల్మెట్లు ఉంటాయి. చాలామంది అది చూసి అలిసిపోయి, వెనక ఉన్న బీహెచ్‌పీ హాలుకు పోకుండానే తిరిగిపోతారు. ఆ పొరపాటు చేయకండి. భద్రతా శిక్షణకు వాడే మామూలు హాలు అది. ఉపప్రధాని మియెచిస్వావ్ యాగెల్‌స్కితో ఒప్పందం మీద 1980 ఆగస్టు 31న సంతకాలు జరిగింది అందులోనే. చర్చలను మైకుల ద్వారా షిప్‌యార్డంతా ప్రసారం చేశారు. తలుపులేసుకుని రాజీపడే అవకాశం ఇరుపక్షాలకూ లేదు. టెలిఫోన్ లైన్లు కలిపితేనే మాట్లాడతామని పట్టుబట్టింది కూడా అందుకే: బయటి ఊళ్లకు వార్త అందకపోతే గేటు లోపల కూర్చోవడం బందీఖానాయే.

ఐదో రోజు: రాడోమ్

గ్దాన్‌స్క్ నుంచి వార్సాకు వేగపు రైల్లో మూడు గంటల లోపే. పెండొలీనో రైళ్లలో ముందుగా టికెట్ లేకుండా ఎక్కితే చాలా ఎక్కువ కట్టాల్సి వస్తుంది. వార్సాలో దిగి రాడోమ్ రైలు పట్టుకోండి. ఇక్కడ కాలక్రమంలో వెనక్కి వెళ్తున్నాం, కావాలనే. 1980లో అంత సిద్ధంగా ఎలా ఉన్నారన్న ప్రశ్నకు జవాబు రాడోమ్‌లో ఉంది.

1976 జూన్ 24న ప్రధాని ప్యోత్ర్ యారోషెవిచ్ పార్లమెంటులో కొత్త ధరలు చదివాడు: మాంసం సగటున 69 శాతం, చక్కెర రెట్టింపు. మర్నాడు రాడోమ్‌లో వాల్టర్ ఆయుధ కర్మాగారం కార్మికులు పాత పద్ధతిలోనే పార్టీ కార్యాలయానికి నడిచారు. జవాబు కోసం గంటల తరబడి నిలబెట్టారు. లోపలికి చొరబడినవాళ్లకు క్యాంటీన్‌లో బజారులో దొరకని హామ్ కనబడింది. భవనాన్ని తగలబెట్టారు. వార్సా పక్కన ఉర్సూస్ ట్రాక్టర్ ఫ్యాక్టరీ వాళ్లు రైలు పట్టాలకు అడ్డం పడ్డారు. అదే సాయంత్రం పెంపు రద్దయింది. తర్వాత కసి తీర్చుకోవడం మొదలైంది: రెండు వరసల పోలీసుల మధ్య నుంచి పరిగెత్తిస్తూ లాఠీలతో కొట్టారు. దానికి పోలీసులు పెట్టిన పేరు 'ఆరోగ్య బాట'. వందలాది మంది ఉద్యోగాలు పోయాయి.

ఈ కార్మికుల కోసం మేధావులు 1976 సెప్టెంబర్ 23న పెట్టిన కార్మిక రక్షణ కమిటీ, పోలిష్‌లో కోర్, చేసిన పని ఇదీ: కోర్టులకు వెళ్లి కూర్చోవడం, వకీళ్లను పెట్టడం, చందాలు పోగేసి కుటుంబాలకు ఇవ్వడం, దెబ్బలు తిన్నవాళ్లను డాక్టర్లకు చూపించి రాయించడం. సభ్యులు తమ పేర్లు, చిరునామాలు, ఫోన్ నంబర్లు బాహాటంగా ప్రచురించారు. 1968లో విద్యార్థులను కొడుతుంటే కార్మికులు రాలేదు, 1970లో కార్మికులను కాలుస్తుంటే మేధావులు రాలేదు. ఆ గోడ కూలింది ఇక్కడ. గ్దాన్‌స్క్‌లో 1978లో స్వేచ్ఛాయుత యూనియన్ల కమిటీ ఏర్పడ్డా, 1980 వేసవిలో కోర్ నాయకుడు యాత్సెక్ కూరోన్ ఇంటి ఫోన్ నుంచి ప్రతి సమ్మె వార్త విదేశీ రేడియోలకు చేరినా, ఆ కోర్టు బెంచీల మీద మొదలైన పరిచయాలే ఆధారం.

రాడోమ్‌లో '25 జూన్' పేరు పెట్టిన వీధి, కార్మిక నిరసన స్మారకం చూడటానికి రెండు గంటలు చాలు. రాత్రికి వార్సా తిరిగొచ్చేయండి.

ఆరో రోజు: కాటొవిత్సె

వార్సా నుంచి మూడు గంటల లోపే. వూయెక్ బొగ్గు గని గోడ దగ్గర పెద్ద సిలువ, మ్యూజియం ఉన్నాయి. 1981 డిసెంబర్ 13న సైనిక పాలన ప్రకటించి, రాత్రికి రాత్రే గనిలోని సాలిడారిటీ నాయకుడిని పట్టుకుపోయారు. కార్మికులు గనిలోనే ఉండిపోయారు. 16న ట్యాంకు గోడ బద్దలుకొట్టింది, జోమో అనే ప్రత్యేక పోలీసు దళం కాల్చింది, తొమ్మిది మంది చనిపోయారు. గేటు లోపల ఉంటే కాల్చరన్న లెక్క ఇక్కడ తప్పింది. ప్రభుత్వం సైన్యాన్ని దించాలని తేల్చుకున్నాక గోడలు ఆపలేవు. పియాస్ట్ గనివాళ్లు భూగర్భంలో డిసెంబర్ 28 దాకా నిలబడ్డారు.

ఏడో రోజు: నోవా హుతా

కాటొవిత్సె నుంచి క్రాకోవ్‌కు గంటకు కాస్త అటూఇటూ. అక్కడి నుంచి ట్రామ్. 1949లో పొలాల్లో ఉక్కు కర్మాగారంతో పాటు కట్టడం మొదలెట్టిన ఆదర్శ కార్మిక నగరం ఇది, చర్చి లేకుండా. 1960 ఏప్రిల్‌లో చర్చి స్థలంలోని సిలువను తీయబోతే జనం అడ్డుపడ్డారు, వీధి పోరాటం జరిగింది. చివరికి జనమే కట్టుకున్న ఆర్కా పానా చర్చి 1977లో తెరుచుకుంది. సెంట్రల్ చౌక్ నుంచి ఆ చర్చికి నడిచి, అక్కణ్నించి ట్రామ్‌లో కర్మాగారం ప్రధాన ద్వారానికి వెళ్లండి.

1988 ఏప్రిల్ 26న లెనిన్ ఉక్కు కర్మాగారంలో సమ్మె మొదలైంది. మే 5 తెల్లవారుజామున జోమో లోపలికి చొరబడి కొట్టి అణిచేసింది. తోడుగా దిగిన గ్దాన్‌స్క్ షిప్‌యార్డు మే 10న ఏమీ దక్కకుండానే విరమించింది. కానీ ఆగస్టులో గనుల నుంచి మళ్లీ అలలు లేచాయి. వేతనాలు పెంచితే ధరలు పెరుగుతున్నాయి, ధరలు పెరిగితే సమ్మె వస్తోంది. ప్రభుత్వం దగ్గర ఇక వేరే ఉపాయం లేదు. 1988 ఆగస్టు 31న హోంమంత్రి చెస్వావ్ కిష్చాక్ వావెన్సాతో చర్చలకు కూర్చున్నాడు. 1989 ఫిబ్రవరి 6న ప్రభుత్వం, సాలిడారిటీల మధ్య రౌండ్ టేబుల్ చర్చలు మొదలయ్యాయి, జూన్ 4న మొదలై రెండు విడతల్లో జరిగిన ఎన్నికల్లో సెనేట్ 100 సీట్లలో 99 సాలిడారిటీ గెలుచుకుంది.

ఆ తర్వాత జరిగింది కూడా ద్వారం ముందే నిలబడి తెలుసుకోవాలి. గ్దాన్‌స్క్ షిప్‌యార్డు 1996లో దివాళా తీసింది. నోవా హుతా కర్మాగారం చేతులు మారి ఆర్సెలర్ మిట్టల్‌ది అయింది, 2020లో బ్లాస్ట్ ఫర్నేసును శాశ్వతంగా మూసేశారు. మార్కెట్ రాగానే మొదట ఉద్యోగాలు పోయినవాళ్లలో ఈ సమ్మెలు చేసినవాళ్లే ఎక్కువ. ఈ ఊళ్ల మ్యూజియాల్లో ఆ భాగం చాలా చిన్నగా ఉంటుంది. గైడును పెట్టుకుంటే ఆ సంగతి మీరే అడగాలి.